లయొనెల్ న్గకానే: పత్రికాఫీసు నుంచి ఆబ్సలమ్ వేషం దాకా, అక్కణ్ణుంచి కెమెరా వెనక్కి

నలుపుతెలుపు:
ఆఫ్రికా సినిమా అంటే మన దగ్గర చర్చ సెనెగల్ దర్శకుడు సెంబేన్‌తో మొదలై సెంబేన్‌తోనే అయిపోతోంది. దక్షిణాఫ్రికా నటుడు, పత్రికా రచయిత లయొనెల్ న్గకానే గురించి తెలుగులో దొరికేది రెండు మూడు వాక్యాలే, అవి కూడా ఒకదాన్ని చూసి ఇంకొకటి రాసినవే. అందుకని ఆయన కోసం విడిగా థ్రెడ్ పెడుతున్నాను.

ముందు మోటుగా ఒక గీత గీసుకుందాం. పుట్టింది 1928 జులై 17, ప్రిటోరియాలో. పెరిగింది జొహానెస్‌బర్గ్ పక్కన సోఫియాటౌన్‌లో. ఫోర్ట్ హేర్ కాలేజీలో, విట్‌వాటర్స్‌రాండ్ యూనివర్సిటీలో చదివారు. నల్లజాతి పాఠకుల కోసం వచ్చే సచిత్ర పత్రికల్లో పనిచేశారు. 1951లో జోల్టాన్ కోర్డా తీసిన 'క్రై, ద బిలవెడ్ కంట్రీ'లో ఆబ్సలమ్ కుమాలో వేషం వేశారు. తర్వాత లండన్‌లో ప్రవాసం. యాభైల్లో బ్రిటిష్ సినిమాల్లో వేషాలు, 1962లో 'వుకాని' డాక్యుమెంటరీ, అరవైల నడుమ 'జెమీమా అండ్ జానీ' అనే పొట్టి సినిమా, ఆపైన ఆఫ్రికా సినిమా సంఘాల పని. 1994లో స్వదేశానికి తిరిగొచ్చారు. 2003 నవంబర్ 26న పోయారు.

వ్యాసం రాసేవాళ్లకూ ఫిల్మ్ సొసైటీలో వేసేవాళ్లకూ పనికొచ్చేలా వివరాలు పోగేద్దాం. నేను తేల్చుకోవాలనుకుంటున్నవి మూడు. పత్రికల సంవత్సరాలు ఎందుకు కుదరడం లేదు? నటుడిగా ఆయన స్థాయి ఎంత? ఏ కాపీ చూడాలి?

పాతపేపరు:
పత్రికల సంగతి నేను అందుకుంటా. చాలా జీవిత వివరాల్లో "1948 నుంచి 1950 దాకా డ్రమ్, జోంక్ పత్రికల్లో పనిచేశారు" అని ఒకే వాక్యం కనిపిస్తుంది. ఆ వాక్యాన్ని ఉన్నదున్నట్టు దించుకోకండి. 'డ్రమ్' తొలి సంచిక వచ్చిందే 1951 మార్చిలో, అదీ కేప్‌టౌన్ నుంచి 'ది ఆఫ్రికన్ డ్రమ్' పేరుతో. మొదలుపెట్టింది రాబర్ట్ క్రిస్ప్. డబ్బు పెట్టిన జిమ్ బెయిలీ కొన్నాళ్లకే పగ్గాలు తన చేతిలోకి తీసుకుని జొహానెస్‌బర్గ్‌కి మార్చాడు. ఆంథనీ శాంప్సన్ సంపాదకుడయ్యాడు. 'జోంక్' దానికంటే ముందుది, 1949లో మొదలైంది. కాబట్టి 1948 అన్న అంకె రెండు పత్రికలకూ కుదరదు, 1950 అన్న అంకె డ్రమ్‌కి కుదరదు.

వ్యాసంలో రాయాలంటే "నలభైల చివర, యాభైల మొదట్లో జోంక్, డ్రమ్ వంటి పత్రికల్లో రాశారు" అంటే చాలు. సరైన సంవత్సరం వేయలేకపోతే దశాబ్దం వేయడం నయం.

జోంక్ గురించి ఒక ముక్క. అది ముందు పత్రిక కాదు. రెండో ప్రపంచ యుద్ధ కాలంలో దక్షిణాఫ్రికా సైన్యంలోని నల్లజాతి సిబ్బంది ఆటపాటల బృందం పేరు అది. నడిపినవాడు ఐక్ బ్రూక్స్ అనే అధికారి. యుద్ధం అయ్యాక అదే పేరుతో పత్రిక వచ్చింది, 1950లో సినిమా కూడా వచ్చింది. అంటే జోంక్ ఆఫీసులో సినిమా, సంగీతం, పత్రిక ఒకే గదిలో ఉన్నట్టే లెక్క. అక్కడ రాసే కుర్రాడు తెర మీదికి వెళ్లడం వింతేమీ కాదు.

సెకండ్ షో:
'క్రై, ద బిలవెడ్ కంట్రీ' (ఇకపై 'క్రై' అంటాను) ఎలా తయారైందో తెలియకుండా ఆ వేషాన్ని తూకం వేయలేం.

అలన్ పేటన్ నవల 1948లో వచ్చింది. అదే ఏడాది మే నెలలో నేషనల్ పార్టీ గెలిచి అపార్థైడ్‌ని, అంటే జాతులవారీగా జనాన్ని విడదీసే విధానాన్ని, చట్టాలుగా మార్చడం మొదలుపెట్టింది. సినిమా స్క్రీన్‌ప్లే పేటన్ పేరు మీదే ఉంది. కమ్యూనిస్టులన్న పేరుతో పని ఇవ్వకుండా వెలేసిన హాలీవుడ్ బ్లాక్‌లిస్ట్‌లో ఇరుక్కున్న జాన్ హోవర్డ్ లాసన్ కూడా దాని మీద పనిచేశాడు, కానీ టైటిల్స్‌లో ఆయన పేరు వేయలేదు. ఛాయాగ్రహణం రాబర్ట్ క్రాస్కర్. పాస్టర్ స్టీఫెన్ కుమాలోగా కెనడా లీ, రెవరెండ్ మ్సిమాంగుగా సిడ్నీ పాయిటియర్, జాన్ కుమాలోగా ట్రినిడాడ్ గాయకుడు ఎడ్రిక్ కానర్, హత్యకు గురైనవాడి తండ్రి జార్విస్‌గా చార్లెస్ కార్సన్.

బయటి నుంచి వచ్చిన నల్లజాతి నటులకు దక్షిణాఫ్రికాలో మామూలుగా అనుమతి దొరికే రోజులు కావు. కెనడా లీనీ పాయిటియర్‌నీ కోర్డా తన కింద ఒప్పంద కూలీలుగా చూపించి లోపలికి తెచ్చుకున్నాడు. పాయిటియర్ తర్వాత ఎన్నోసార్లు చెప్పిన విషయమే ఇది. జొహానెస్‌బర్గ్‌లో హోటల్ దొరకదు కనక ఊరికి దూరంగా ఒక ఇంట్లో ఉంచారు. న్గకానే మాత్రం స్థానికుడు. ఆబ్సలమ్ వేషం వేస్తూనే కోర్డా దగ్గర సహాయకుడిగానూ పనిచేశాడు. తర్వాత దర్శకుడైనవాడికి బడి అదే.

వేషం సంగతి. ఆబ్సలమ్ సినిమాలో కనిపించేది తక్కువసేపు. కానీ కథంతా అతని చుట్టూనే తిరుగుతుంది. తండ్రి ఊరి నుంచి వెతుక్కుంటూ వస్తాడు, ప్రతి చిరునామాలోనూ కొడుకు అప్పటికే వెళ్లిపోయి ఉంటాడు. దొరికేసరికి జైల్లో ఉంటాడు, హత్యానేరం మీద. అంటే నటుడు తెర మీదికి రాకముందే ప్రేక్షకుడు అతని గురించి ఒక బొమ్మ కట్టుకుని ఉంటాడు. జైల్లో తండ్రి "ఎందుకు చేశావు" అని అడిగే సన్నివేశం ఒక్కటి శ్రద్ధగా చూడండి. న్గకానే అక్కడ ఏడుపుకి పోలేదు, తలొంచుకుని సగం సగం జవాబులిచ్చాడు. భయపడ్డాను, కావాలని చేయలేదు, అంతే. కెనడా లీ రంగస్థలం నుంచి వచ్చిన గట్టి నటుడు. ఆయన ఎదుట కొత్తవాడు గొంతు పెంచి ఉంటే సీను చెడేది.

వేషధారి:
"సెకండ్ షో" గారు చెప్పింది ఒప్పుకుంటూనే ఒక మాట. ఆబ్సలమ్ తర్వాత ఆయన నటన గురించి గొప్పగా రాయడానికి ఎక్కువేం లేదు. ఆ తప్పు ఆయనది కాదు, వేషాలది.

జాబితా చూడండి. 1954లో 'డ్యూయల్ ఇన్ ద జంగిల్', 1956లో 'ఒడోంగో', అదే ఏడాది 'సఫారీ', 1957లో 'ద మార్క్ ఆఫ్ ద హాక్'. మొదటిదాంట్లో నౌకరు. 'ఒడోంగో', 'సఫారీ' రెండూ వార్విక్ ఫిల్మ్స్ వాళ్లవి, ఇర్వింగ్ ఆలెన్, ఆల్బర్ట్ బ్రకోలీల కంపెనీ. (అవును, తర్వాత జేమ్స్ బాండ్ తీసిన బ్రకోలీయే.) కెన్యాలో వలసపాలనపై తిరగబడ్డ మౌ మౌ పోరాటం మీద బ్రిటిష్ ప్రభుత్వం 1952లో ఎమర్జెన్సీ పెట్టింది. అది నడుస్తుండగానే అక్కడికెళ్లి తీసిన సినిమాలివి. తెల్ల వేటగాడు, తెల్ల నాయిక, సింహాలు. నల్లవాళ్లు ఐతే నమ్మినబంటు, లేకపోతే కత్తి పట్టిన మౌ మౌ. మూడో రకం వేషం అరుదు.

అప్పట్లో లండన్‌లో నల్లజాతి నటుల గుంపు చిన్నది. నైజీరియా నుంచి ఓర్లాండో మార్టిన్స్, బెర్ముడా నుంచి ఎర్ల్ కామెరాన్, ట్రినిడాడ్ నుంచి ఎడ్రిక్ కానర్, దక్షిణాఫ్రికా నుంచి న్గకానే. కాస్టింగ్ వాళ్లకు వీళ్లంతా ఒకటే. కెన్యా కికుయు తెగ మనిషిగా బెర్ముడా నటుడు, పడమటి ఆఫ్రికా డాక్టరుగా సోఫియాటౌన్ నటుడు. యాస, భాష ఎవరికీ పట్టేవి కావు. 1956లో ఎడ్రిక్ కానర్, భార్య పెర్ల్ కలిసి లండన్‌లో నల్లజాతి కళాకారుల కోసం ఏజెన్సీ పెట్టింది ఈ పరిస్థితిలోనే.

ఇంకొకటి. 'ద మార్క్ ఆఫ్ ద హాక్'లో నాయకుడు సిడ్నీ పాయిటియర్. న్గకానేది చిన్న వేషం, ఒక ఆఫ్రికన్ డాక్టర్. 1951లో ఇద్దరూ ఒకే సినిమాలో దాదాపు సమానమైన బరువున్న వేషాల్లో ఉన్నారు, వయసులో తేడా ఏడాదిన్నర కూడా లేదు. ఆరేళ్లలో ఒకరు పోస్టర్ మీద, ఒకరు పేర్ల జాబితా అడుగున. పాయిటియర్‌కి మధ్యలో 1955లో 'బ్లాక్‌బోర్డ్ జంగిల్' దొరికింది. బ్రిటన్‌లో అలాంటి వేషం రాసినవాడే లేడు. ఎవరు మెరుగైన నటుడు అని వాదించేవాళ్లు ముందు ఈ లెక్క చూడాలి.

నలుపుతెలుపు:
"ఒడోంగో", "సఫారీ" పాత్రల పేర్లు డేటాబేసుల్లో కలగాపులగంగా ఉన్నాయి. ఎవరైనా తేల్చగలరా?

రీలుపెట్టె:
కారణం సులువు. 'ఒడోంగో' సినిమాలో ఒడోంగో అనే పిల్లవాడి వేషం వేసింది జూమా అనే బాలనటుడు. 'సఫారీ'లోనూ జూమా ఉన్నాడు, అందులో అతని పాత్ర పేరు కూడా ఒడోంగోయే! ఒకే కంపెనీ, ఒకే ఏడాది, ఒకే దేశం. పాత్రల పట్టికను ఒకచోట నుంచి ఇంకోచోటికి ఎక్కించేటప్పుడు రెండూ కలిసిపోతాయి. తేల్చుకోవడానికి దర్శకుడి పేరు పట్టుకోండి. 'ఒడోంగో'కి జాన్ గిల్లింగ్, 'సఫారీ'కి టెరెన్స్ యంగ్. 'సఫారీ'లో విక్టర్ మెచ్యూర్, జానెట్ లీ ఉంటారు. 'ఒడోంగో'లో రోండా ఫ్లెమింగ్, మెక్‌డొనాల్డ్ కేరీ.

కాపీల విషయంలో ఇంకో చిక్కు. ఈ రెండూ సినిమాస్కోప్, అంటే వెడల్పు తెర సినిమాలు. పాత టీవీ కాపీల్లో ఎత్తుకి 2.35 రెట్లు వెడల్పున్న బొమ్మను 1.33 రెట్లకి కోసేస్తారు. అంటే అడ్డంగా నలభై శాతానికి పైగా బొమ్మ పోయినట్టే. కోత పెట్టేవాడు మధ్యలో మాట్లాడుతున్న తారను ఉంచి అంచులు తీసేస్తాడు. అంచుల్లో నిలబడేది ఎవరు? నౌకరు, బంటు, కాపలావాడు. "న్గకానే ఈ సినిమాలో కనబడడం లేదు, పేరు తప్పుగా వేశారు" అని తీర్మానించే ముందు వెడల్పు బొమ్మ ఉన్న కాపీ చూడండి.

'క్రై'కి దీనికి తిరగబడ్డ సమస్య. అది 1.37 నిష్పత్తి, దాదాపు చదరం. కొత్త టీవీ నిండా కనబడాలని 16:9కి సాగదీస్తే మనుషులు లావెక్కుతారు, కోస్తే తలలు పోతాయి. ప్రొజెక్టర్‌లో, ప్లేయర్‌లో రెండుచోట్లా "ఒరిజినల్" సెట్టింగ్ పెట్టాలి. ఒకచోట పెట్టి రెండోచోట మరిస్తే ఫలితం అదే.

నిడివి గురించి. 'క్రై' మామూలుగా 103 నిమిషాలుగా చూపిస్తారు. యూరప్ డీవీడీలో 99 నిమిషాలుంటే సెన్సార్ కోసేసిందని గగ్గోలు పెట్టకండి. సినిమా సెకనుకు 24 ఫ్రేములు, యూరప్ టీవీల పాల్ పద్ధతిలో 25. నాలుగు శాతం వేగంగా తిరుగుతుంది, 103 కాస్తా 99 అవుతుంది. 99 కంటే బాగా తక్కువుంటే అప్పుడు అనుమానించాలి. 'ఆఫ్రికన్ ఫ్యూరీ' అన్న పేరుతో దొరికేది కూడా ఈ సినిమాయే. కొత్త సినిమా అనుకుని ఫిల్మోగ్రఫీలో రెండుసార్లు వేయకండి.

పాత బ్రిటిష్ కేటలాగుల్లో నిడివి నిమిషాల్లో కాక అడుగుల్లో ఉంటుంది. 35 మి.మీ. అయితే 90తో, 16 మి.మీ. అయితే 36తో భాగిస్తే నిమిషాలొస్తాయి. 2700 అడుగుల 35 మి.మీ. ప్రింటూ 1080 అడుగుల 16 మి.మీ. ప్రింటూ రెండూ అరగంటవే. 'జెమీమా' అంత నిడివి సినిమాకి ఈ లెక్క బాగా అక్కరకొస్తుంది, ఎందుకంటే పొట్టి సినిమాలను సొసైటీలకు ఎక్కువగా 16లోనే పంపేవారు. అడుగులు తక్కువున్నాయని "సగమే మిగిలింది" అనుకునే ప్రమాదం ఉంది.

కృష్ణాతీరం:
ఇవన్నీ బాగున్నాయి గానీ, ఒక నటుణ్ణి "పత్రికా రచయిత" అనడానికి ఆధారం ఏమిటి? ఏడాదో రెండేళ్లో పనిచేస్తే సరిపోతుందా?

పాతపేపరు:
సరైన ప్రశ్నే. న్గకానేకి పత్రిక ఆరంభం మాత్రమే, జీవితకాలం వృత్తి కాదు. వృత్తిగా రెండూ మోసినవాళ్లు కావాలంటే అదే వర్గంలో ఇద్దరున్నారు.

బ్లోక్ మోడిసానే. 1923లో పుట్టారు, సోఫియాటౌన్ మనిషి, డ్రమ్‌లో కథలూ రిపోర్టులూ రాశారు. 1959లో లయొనెల్ రొగోసిన్ అనే అమెరికన్ దర్శకుడు సంగీత చిత్రం తీస్తున్నానని ప్రభుత్వాన్ని నమ్మించి 'కమ్ బ్యాక్, ఆఫ్రికా' తీశాడు. దాని స్క్రిప్టులో మోడిసానే, లూయిస్ న్కోసీ ఇద్దరి చెయ్యీ ఉంది. వాళ్లూ, డ్రమ్‌లోనే పనిచేసే కాన్ తెంబా, దొంగచాటు సారాకొట్టులో కూర్చుని వాదించుకునే సన్నివేశంలో తామే కనబడతారు. మిరియం మకేబా పాడేది కూడా అక్కడే. విలేఖరులు విలేఖరుల్లాగే మాట్లాడిన దృశ్యం అది. మోడిసానే అదే ఏడాది దేశం వదిలి లండన్ చేరారు. 1961లో లండన్ రాయల్ కోర్ట్ థియేటర్‌లో ఫ్రెంచ్ రచయిత జెనే నాటకం 'ద బ్లాక్స్'లో నటించారు, 1968లో వచ్చిన 'డార్క్ ఆఫ్ ద సన్'లో కనబడతారు. ఆత్మకథ 1963లో వచ్చింది, 1966లో స్వదేశంలో నిషేధించారు. ఆయన పోయింది 1986లో, పశ్చిమ జర్మనీ డార్ట్‌మండ్‌లో.

రెండో మనిషి జాన్ మట్షికిజా, 1954లో పుట్టారు. తండ్రి టాడ్ డ్రమ్‌లో సంగీతం గురించి రాసినవాడు, 1959 నాటి 'కింగ్ కాంగ్' సంగీత నాటకానికి స్వరకర్త. కొడుకు ప్రవాసంలో పెరిగి లండన్‌లో నటన నేర్చుకున్నారు. 'డస్ట్' (1985), 'క్రై ఫ్రీడమ్' (1987), అదే ఏడాది టీవీ చిత్రం 'మండేలా'లో మండేలా సహచరుడు వాల్టర్ సిసులు వేషం. తిరిగొచ్చాక 'మెయిల్ అండ్ గార్డియన్' పత్రికలో కాలమ్ రాశారు. 2008లో పోయారు. "నటుడు, జర్నలిస్టు" అన్న రెండు మాటలూ సమానంగా అతికేది ఈయనకే.

న్గకానే వీళ్లిద్దరి కంటే ముందువాడు. పత్రికలో తక్కువకాలం ఉన్నా, డాక్యుమెంటరీల దాకా ఆ చూపు పోలేదన్నది నా అంచనా. ఎవరు ఎక్కడ ఉండవచ్చు, ఏ చట్టం ఎవరిని కదిలించింది, ఇవే ఆయనకి కథ.

డర్బన్ దారి:
చట్టం మాట వచ్చింది కనక చేరుస్తున్నా. సోఫియాటౌన్ ఖాళీ చేయించడం 1955 ఫిబ్రవరి 9న మొదలైంది, దాదాపు రెండువేలమంది పోలీసులతో. జనాన్ని మెడోలాండ్స్‌కి తోలారు. ఆ చోటుకి 'ట్రయోంఫ్' అని పేరు మార్చి తెల్లవాళ్లకిచ్చారు. పాత పేరు మళ్లీ వచ్చింది 2006లో. న్గకానే పెరిగిన ఊరు ఆయన ప్రవాసంలో ఉండగానే మాయమైందన్నమాట. తేదీలు రాసేటప్పుడు ఒకటి గమనించండి: ఆయన ఊరు కూల్చివేత వల్ల వెళ్లిపోలేదు, అంతకుముందే లండన్‌లో ఉన్నారు.

ఏ జాతివాళ్లు ఏ పేటలో ఉండాలో శాసించిన 1950 నాటి గ్రూప్ ఏరియాస్ చట్టం భారతీయులనూ వదల్లేదు. డర్బన్ కేటో మానర్‌లోని తెలుగు కుటుంబాలు కూడా అదే చట్టం కింద కదిలినవే. దక్షిణాఫ్రికా ఆంధ్ర మహాసభ పెట్టింది 1931లో, కాబట్టి ఆ కాలపు తెలుగువాళ్ల జ్ఞాపకాలు దొరికే చోట ఈ వివరాలు దొరుకుతాయి. డ్రమ్‌కి డర్బన్‌లోనూ ఆఫీసు ఉండేది. జి.ఆర్. నాయుడు దాన్ని నడిపారు, రంజిత్ కల్లీ ఫోటోలు తీశారు. ఇంటిపేరు చూసి "మనవాళ్లే" అని వ్యాసంలో ఎక్కించేయకండి, దానికి వేరే ఆధారం కావాలి.

సెకండ్ షో:
'జెమీమా అండ్ జానీ' గురించి ఇంతవరకూ ఎవరూ దిగలేదు. ఆయన పేరు నిలబడింది దానివల్లే.

నలుపుతెలుపు సినిమా, సుమారు అరగంట. లండన్ నాటింగ్ హిల్. 1958 ఆగస్టు, సెప్టెంబర్లలో అక్కడ కరీబియన్ వలసదారుల మీద దాడులు జరిగాయి. 1959 మేలో కెల్సో కోక్రేన్ అనే యాంటిగ్వా యువకుణ్ణి పొడిచి చంపారు. ఆ అక్టోబర్ ఎన్నికల్లో ఫాసిస్టు నాయకుడు ఆస్వాల్డ్ మోస్లీ అక్కడి నియోజకవర్గం నుంచే నిలబడి ఓడిపోయాడు. సినిమా నేపథ్యం అది.

కథ చిన్నది. జానీ తెల్లపిల్లవాడు, తండ్రి వలసదారులకు వ్యతిరేకంగా పనిచేసే గుంపులో మనిషి. జెమీమా అప్పుడే జమైకా నుంచి వచ్చిన పిల్ల. ఇద్దరూ చెయ్యి పట్టుకుని వీధుల వెంట తిరుగుతారు, పాడుబడ్డ ఇంట్లో దూరతారు, అది కూలుతుంది. వెతుక్కుంటూ వచ్చిన పెద్దవాళ్లు ఒకచోట కలవాల్సి వస్తుంది. పిల్లల వేషాల్లో నికొలెట్ రాబిన్సన్, పాట్రిక్ హాట్‌ఫీల్డ్. తండ్రిగా బ్రయన్ ఫీలన్.

చూడాల్సింది కథ కాదు, పద్ధతి. సంభాషణ చాలా తక్కువ. ఆ వయసు పిల్లల చేత మాటలు అప్పజెప్పిస్తే అవి అప్పజెప్పినట్టే వినబడతాయి. న్గకానే ఆ పని పెట్టుకోలేదు, నడవనిచ్చి కెమెరాను వాళ్ల ఎత్తుకి దించాడు. అప్పటి నాటింగ్ హిల్ శిథిలాలు సెట్ కాదు, నిజం ఇళ్లే. అద్దె దోపిడీకి పేరుమోసిన పేట అది. ముగింపు కొంచెం తేలిగ్గా తేల్చేశాడని నాకనిపిస్తుంది. తండ్రి మనసు అంత త్వరగా మారుతుందా? కానీ అరగంటలో అంతకంటే నడిపించడం కష్టం.

వేషధారి:
ముగింపు గురించి నేను ఒప్పుకోను. తండ్రి మారాడని సినిమా ఎక్కడా చెప్పలేదు. ఆ పూటకి తగ్గాడు, అంతే. మరుసటి రోజు మీటింగుకి పోడని గ్యారంటీ లేదు.

సెకండ్ షో:
ఆ చివరి షాట్లలో సంగీతం మాత్రం మారిపోయాడనే చెబుతోంది కదా. సరే, చూసినవాళ్లు తేల్చుకుంటారు.

రీలుపెట్టె:
ఈ సినిమా గురించి రాసేటప్పుడు జారే చోట్లు మూడు.

సంవత్సరం: 1964, 1965, 1966 మూడూ కనబడతాయి. తీసిన ఏడు, పూర్తిచేసిన ఏడు, చూపిన ఏడు కలిసిపోవడం వల్ల. బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ 1966 వాడుతుంది, దానికే కట్టుబడితే గొడవ ఉండదు.

పేరు: మధ్యలో "అండ్" ఉన్నదీ, కూడిక గుర్తు ఉన్నదీ రెండూ ఒకటే. వెతికేటప్పుడు రెండు రకాలుగానూ వెతకాలి. ఆయన ఇంటిపేరు కూడా అంతే. ఫ్రెంచ్ కేటలాగుల్లో తొలి అక్షరం తర్వాత అపాస్ట్రఫీ పెడతారు, అది లేకుండా వెతికితే కొన్ని చోట్ల ఏమీ రాదు.

బహుమతి: వెనిస్ సినిమా ఉత్సవంలో బహుమతి వచ్చిందన్నది నిజం. అక్కడి అత్యున్నత బహుమతి గోల్డెన్ లయన్ అని మాత్రం రాయకండి. 1965లో అది ఇటలీ దర్శకుడు విస్కోంటికి, 1966లో 'బ్యాటిల్ ఆఫ్ ఆల్జియర్స్'కి వెళ్లింది. పొట్టి సినిమాల బహుమతులు వేరు.

కృష్ణాతీరం:
"బ్రిటన్‌లో సినిమా తీసిన తొలి నల్లజాతి దర్శకుడు" అని కూడా రాస్తారు. సరైనదేనా?

నలుపుతెలుపు:
"తొలి" అన్న మాటకి పక్కన ఇంకో మాట లేకపోతే వాడొద్దు. జమైకాకి చెందిన లాయిడ్ రెకార్డ్ 'టెన్ బాబ్ ఇన్ వింటర్' 1963లోనే వచ్చింది. పూర్తి నిడివి చిత్రం అంటే హోరస్ ఓవే 'ప్రెషర్', 1976. న్గకానే విషయంలో "వెనిస్‌లో బహుమతి పొందిన తొలి నల్లజాతి బ్రిటిష్ చిత్రం" అని చెప్పుకుంటారు, ఆ రూపంలోనే వాడండి. 'వుకాని'ని నల్లజాతి దక్షిణాఫ్రికావాడు తీసిన తొలి సినిమాగా పేర్కొంటారు. అక్కడా "తీసిన" ముఖ్యం, "నటించిన" కాదు. నల్లజాతి నటులతో అక్కడ 'ఆఫ్రికన్ జిమ్' 1949లోనే వచ్చింది, దర్శకుడు డొనాల్డ్ స్వాన్సన్ తెల్లవాడు, నాయిక డాలీ రతేబే.

పాతపేపరు:
ఆ తర్వాతి పాతికేళ్లలో వేషాలు పల్చబడ్డాయి, సంఘం పని పెరిగింది. ఆఫ్రికా దర్శకుల సమాఖ్య ఫెపాసి వ్యవస్థాపకుల్లో ఆయన ఒకరు. దీనికీ రెండు తేదీలు తిరుగుతుంటాయి. 1969 జులైలో ఆల్జియర్స్ పాన్ ఆఫ్రికన్ సాంస్కృతికోత్సవంలో నిర్ణయం జరిగింది, 1970లో ట్యునీషియా కార్తేజ్ ఉత్సవంలో లాంఛనంగా ఏర్పడింది. రెండూ రాస్తే సరి. ఇప్పటి బుర్కినా ఫాసోలోని వాగడూగూ సినిమా ఉత్సవం ఫెస్పాకో మొదలైంది కూడా 1969లోనే, ఫిబ్రవరిలో. దానికీ ఫెపాసికీ తేడా చూసుకోండి: ఒకటి ఉత్సవం, ఒకటి సంఘం.

దక్షిణాఫ్రికా ప్రభుత్వంతో సాంస్కృతిక సంబంధాలు తెంచమని 1968లో ఐక్యరాజ్యసమితి పిలుపునిచ్చింది. ఆ కాలంలో ఖండం అంతటి దర్శకుల సమావేశాల్లో దక్షిణాఫ్రికా తరఫున కూర్చోగలిగింది ప్రవాసంలో ఉన్నవాళ్లే. దేశంలో తన పేరుతో సినిమా చూపించలేని మనిషి, బయట ఆ దేశపు సినిమాకి ప్రతినిధి. 1985లో మండేలా మీద డాక్యుమెంటరీ కూడా ఈ వరసలోనిదే. అప్పటికి మండేలా ఫోటోను దక్షిణాఫ్రికాలో అచ్చువేయడమే నేరం, కొత్త ఫుటేజీ అన్నది లేదు. పాత ఫోటోలు, పాత వార్తాచిత్రాలు, మనుషుల మాటలు, వీటితోనే కట్టుకోవాలి. పత్రికాఫీసు పనే అది, ఫిల్మ్ మీద.

వేషధారి:
ఇంకో చిన్న సమాచారం. 1995లో డారెల్ రూట్ 'క్రై'ని మళ్లీ తీశాడు, జేమ్స్ ఎర్ల్ జోన్స్, రిచర్డ్ హారిస్‌లతో. అందులో ఆబ్సలమ్‌గా ఎరిక్ మియేని. మియేని కూడా నటుడూ కాలమిస్టూ! రెండు ఆబ్సలమ్‌ల జైలు సన్నివేశాలను పక్కపక్కన పెట్టి చూస్తే నలభై నాలుగేళ్లలో నటన పద్ధతి ఎంత మారిందో తెలుస్తుంది. వెతికేటప్పుడు ఏడాది తప్పనిసరిగా టైపు చేయండి, లేకపోతే 1995దే ముందు వస్తుంది.

కృష్ణాతీరం:
సొసైటీలో వేయాలంటే హక్కుల సంగతేమిటి? పాతవే కదా, ఊరికే వేసుకోవచ్చా?

రీలుపెట్టె:
"పాతవి కదా" అన్నది లెక్క కాదు. మన 1957 కాపీరైట్ చట్టంలో సినిమాకి విడుదలైన ఏడాది తర్వాతి నుంచి 60 ఏళ్లు. 1951 నాటి 'క్రై'కి ఆ గడువు దాటింది. 1966గా లెక్కించిన 'జెమీమా'కి 2026 చివరిదాకా ఉంది. పైగా నవల హక్కు వేరు. రచయిత పోయాక 60 ఏళ్లు, పేటన్ పోయింది 1988లో, కాబట్టి 2048 దాకా. అందుకని 'క్రై' విషయంలోనూ హక్కుదారుకి ఒక ఉత్తరం రాయడమే మంచిది. ఇంట్లో చూసుకోమని ఇచ్చిన డిస్కు లైసెన్సు హాల్లో ప్రదర్శనకి వర్తించదు, జనం దగ్గర డబ్బు తీసుకోకపోయినా సరే.

ఉత్తరంలో రాయాల్సినవి: సినిమా పేరు, దర్శకుడు, సంవత్సరం, ప్రదర్శన తేదీ, ఎన్ని సీట్లు, టికెట్టా సభ్యులకేనా, ఏ ఫార్మాట్ కావాలి. చివరిది రాయకపోతే వాళ్లు డీసీపీ (థియేటర్ల డిజిటల్ ప్రొజెక్టర్ల కోసం చేసిన ఫైళ్ల కట్ట) పంపుతారు, మీ దగ్గర మామూలు ప్రొజెక్టరే ఉంటే అది తెరుచుకోదు. ఫైలు గానీ బ్లూరే గానీ కావాలని ముందే అడగండి, సబ్‌టైటిల్స్ విడి ఫైలా అన్నది కూడా.

వరస విషయంలో నా సలహా: ముందు 'జెమీమా', పది నిమిషాల విరామం, తర్వాత 'క్రై'. 103 నిమిషాల బరువైన సినిమా అయ్యాక పొట్టిది వేస్తే సగంమంది లేచిపోతారు. 'క్రై'లో శబ్దం పాతది, పై స్థాయిలు పదునుగా ఉంటాయి. ట్రెబుల్ కాస్త తగ్గించి, కెనడా లీ తొలి సంభాషణ దగ్గర వాల్యూమ్ సరిచూసుకోండి, టైటిల్స్ సంగీతం దగ్గర కాదు. సంగీతాన్ని చూసి పెడితే మాటలు వినబడవు.